నెట్‌బాల్ ప్రపంచకప్: గోల్ వేయడానికి వీల్లేని అమ్మాయికి కోర్టులో పనేమిటి?

కంచరపాలెం నాన్న

అందరికీ నమస్కారం. క్రికెట్, కబడ్డీ తప్ప మరో ఆట ముఖం చూడని ఇల్లు మాది. ఇప్పుడు తొమ్మిదో తరగతి చదువుతున్న మా అమ్మాయిని స్కూలు నెట్‌బాల్ జట్టులోకి తీసుకున్నారు. స్కూల్ గేమ్స్ ఫెడరేషన్ (ఎస్‌జీఎఫ్) పోటీలకు పంపే ఆలోచన కూడా ఉందట. సంబరపడాల్సిన విషయమే, కానీ పిల్ల మాత్రం మూతి ముడుచుకుని కూర్చుంది. కారణం ఏమిటంటే, తనకిచ్చిన బిబ్ (ఆడే స్థానం అక్షరాలు రాసి పైన వేసుకునేది) మీద డబ్ల్యూడీ అని ఉంది. వింగ్ డిఫెన్స్ అట. ఆ స్థానంలో ఆడేవాళ్లు గోల్ వేయకూడదు. రింగు ముందున్న అర్ధవృత్తంలో కాలు పెట్టకూడదు. తమ జట్టు గోల్ వేయాల్సిన రింగు ఉన్న భాగంలోకి అసలు వెళ్లనే కూడదు. “మరి నేనెందుకు నాన్నా అక్కడ?” అని అడిగితే నా దగ్గర జవాబు లేదు.

పెద్దవాళ్ల ఆట చూపిస్తే కుదుటపడుతుందేమోనని 2023 కేప్‌టౌన్ ప్రపంచకప్ ఫైనల్ రికార్డింగు ఇద్దరం కూర్చుని చూశాం. ఆస్ట్రేలియా 61, ఇంగ్లండ్ 45. చూశామన్న మాటే గానీ నాకు సగం కూడా అర్థం కాలేదు. అడుగడుగునా విజిల్. బంతి అందుకున్న అమ్మాయి పరుగు ఆపేసి అక్కడే నిలబడిపోతుంది. ఎవరైనా తప్పు చేస్తే ఆ తప్పు చేసినామె వచ్చి అవతలి ఆమె పక్కన ఊరికే నిలబడుతుంది, శిక్ష పడ్డ స్కూలు పిల్ల మాదిరిగా. రింగు వెనక బోర్డు లేదు. దూరం నుంచి వేసినా దగ్గర నుంచి వేసినా ఒకటే పాయింటు.

తెలిసినవాళ్లు చెప్పండి. గోల్ వేయనివాళ్ల విలువ ఈ ఆటలో ఎక్కడ కనబడుతుంది? 2027లో సిడ్నీలో మళ్లీ ప్రపంచకప్ ఉందంటున్నారు, ఆలోపు మేమిద్దరం చూడదగ్గ పాత మ్యాచ్‌లు ఏవి? 2025లో మధురవాడ స్టేడియంలో మహిళల క్రికెట్ ప్రపంచకప్ మ్యాచ్ చూసొచ్చిన పిల్ల కాబట్టి “ఇందులో మన జట్టు ఎక్కడ?” అని కూడా అడుగుతోంది. దానికీ జవాబు కావాలి.

అక్కయ్యపాలెం కుర్రాడు

ఏమీ అనుకోకండి సార్. ఒలింపిక్స్‌లో లేని ఆట, టీవీలో రాని ఆట. పొడుగ్గా ఉంటే బాస్కెట్‌బాల్‌లో చేర్పించండి, లేకపోతే బ్యాడ్మింటన్. డ్రిబ్లింగ్ లేని బాస్కెట్‌బాల్ ఆడి ఏం సాధిస్తుంది?

ఎంవీపీ పీడీ మేడమ్

ముందుగా అక్కయ్యపాలెం బాబుకి రెండు ముక్కలు. ఒలింపిక్స్‌లో లేదన్నది నిజమే. 1995లోనే అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ గుర్తింపు వచ్చినా ఇప్పటిదాకా ఆడించలేదు. కానీ 1998 కౌలాలంపూర్ నుంచి కామన్వెల్త్ క్రీడల్లో ఉంది. 2026 గ్లాస్గో క్రీడల జాబితాను పదికి కుదించినప్పుడు హాకీ పోయింది, కుస్తీ పోయింది, నువ్వు చేర్పించమన్న బ్యాడ్మింటన్ కూడా పోయింది. నెట్‌బాల్ మాత్రం నిలిచింది. ఒలింపిక్స్ ఒక్కటే కొలత అయితే మనం ఇన్నాళ్లూ క్రికెట్‌ని ఎందుకు చూసినట్టు?

ఇక నాన్నగారికి. నేను స్కూల్లో, కాలేజీలో పిల్లల చేత ఈ ఆట ఆడించి పదవీ విరమణ చేసినదాన్ని. జిల్లా పోటీల్లో అంపైరుగా విజిల్ ఊదాను. మీ అమ్మాయి వేసిన ప్రశ్న ప్రతి ఏడాదీ ఎవరో ఒక పిల్ల నన్ను అడిగేది. ఉపన్యాసం ఇస్తే వాళ్లకి ఎక్కదు. ఒక కాగితం, పెన్సిలు ఇచ్చి మ్యాచ్ ముందు కూర్చోబెట్టేదాన్ని.

మీరూ అదే చేయండి. బాస్కెట్‌బాల్‌లో గోల్ ఇచ్చుకున్న జట్టుకి బంతి ఇస్తారు. నెట్‌బాల్‌లో అలా కాదు. ఎవరు గోల్ వేసినా సరే, మధ్య నుంచి మొదలుపెట్టే సెంటర్ పాస్ ఒకసారి వీళ్లది, తరువాత వాళ్లది. ఆ వరస మారదు. కాబట్టి రెండు జట్లూ ఎవరి వంతు వచ్చినప్పుడు వాళ్లు గోల్ చేసుకుంటూ పోతే గంటసేపు ఆడినా ఒక్క గోల్ తేడా కంటే రాదు. మరి 61-45 ఎలా వచ్చింది? అవతలివాళ్ల వంతులో బంతి లాక్కుంటేనే వస్తుంది. ఇంగ్లండ్ వంతులో ఆస్ట్రేలియా బంతి తెంపుకుని గోల్ వేసిందనుకోండి, తరువాతి సెంటర్ పాస్ కూడా ఆస్ట్రేలియాదే. దెబ్బ మీద దెబ్బ. కాగితం మీద ఒక్కో సెంటర్ పాస్‌కి ఒక గీత గీయించండి. ఎవరి వంతో, గోల్ ఎవరు వేశారో పక్కన రాయించండి. వంతు ఒకరిది, గోల్ ఇంకొకరిది అయిన చోట సున్నా చుట్టించండి. మ్యాచ్ మొత్తం ఆ సున్నాల్లోనే ఉంటుంది.

ఇప్పుడు ఆ సున్నాలు ఎవరి వల్ల వస్తున్నాయో చూడమనండి. సెంటర్ పాస్ మొదట మధ్య భాగంలోనే ఎవరో ఒకరు అందుకోవాలి. విజిల్ మోగగానే గీత దాటి దూసుకొచ్చేది ఎక్కువగా అవతలి జట్టు వింగ్ అటాక్, అంటే షూటర్లకి బంతి అందించే అమ్మాయి. ఆమెకంటే అరడుగు ముందుగా, బంతి వచ్చే దారిలోకి భుజం పెట్టి నిలబడాల్సింది వింగ్ డిఫెన్స్. అంటే మీ అమ్మాయి. తాకకూడదు, తోయకూడదు, కానీ ఆ అందుకోవడాన్ని చెడగొట్టాలి. చెడగొట్టలేకపోయినా, రెండో వైపుకి పొడుగు పాస్ వేసేలా చేస్తే చాలు. అక్కడ కాచుకున్న మన గోల్ డిఫెన్స్, అంటే అవతలి షూటర్‌ని కాపలా కాసే అమ్మాయి, అందిపుచ్చుకుంటుంది. పేరు గోల్ డిఫెన్స్‌కి వస్తుంది. పని మాత్రం డబ్ల్యూడీది. ఈ అన్యాయం ఆటలోనే ఉంది, సర్దుకోవాలి.

మీరు చూసిన ఫైనల్లో మూడో క్వార్టర్ మళ్లీ వేయండి. రెండు క్వార్టర్లు దగ్గరదగ్గరగా నడిచి, మూడోదాంట్లో మ్యాచ్ ఒక్కసారిగా ఆస్ట్రేలియా వైపు ఒరిగిపోయింది. మూడు రోజుల ముందే ఇదే ఇంగ్లండ్ ఇదే ఆస్ట్రేలియాని 56-55తో ఓడించింది, ప్రపంచకప్పుల్లో తొలిసారి. మూడు రోజుల్లో గోల్ వేయడం ఎవరూ మరిచిపోరు. ఆ క్వార్టర్లో బంతి చూడకండి. బంతి చేతిలో లేనివాళ్ల కాళ్లు చూడండి.

నిలబడిపోవడం సంగతి: బంతి అందుకున్నాక మొదట నేల తాకిన కాలు ఎత్తి మళ్లీ కింద పెట్టేలోపు బంతి వదిలేయాలి. గడువు మూడు సెకన్లు. కాపలా కాసే అమ్మాయి ఆ కాలికి 0.9 మీటరు, అంటే మూడడుగుల దూరంలో నిలబడి చేతులు చాచుకోవచ్చు. దగ్గరికి వస్తే ఆబ్‌స్ట్రక్షన్, తగిలితే కాంటాక్ట్. అప్పుడు తప్పు చేసినామె పెనాల్టీ తీసుకునే ఆమె పక్కన నిలబడాలి, బంతి చేయి వదిలేదాకా ఆటలో లేనట్టే. ఆ క్షణం జట్టులో ఒక మనిషి తక్కువ. మీకు పని లేకుండా నిలబడినట్టు కనిపించింది అదే. మీ అమ్మాయికి నేర్పాల్సిన తొలి పాఠం కూడా అక్కడే ఉంది: చేతులు పైన, కాళ్లు దూరంగా. మన పిల్లలు తొందరలో మీదికి వెళ్లిపోతారు, విజిల్ పడుతుంది, అయిపోయింది.

గోల్ వేసేవాళ్లే అంతా అనుకుంటే ఒక పేరు చెబుతాను. శ్రీలంక షూటర్ తర్జిని శివలింగం. ఎత్తు 2.08 మీటర్లు, ఆరడుగుల పది అంగుళాలు. 2019 లివర్‌పూల్ ప్రపంచకప్‌లో అందరికంటే ఎక్కువ గోల్స్ ఆమెవే, 348. మరి శ్రీలంక ఎన్నో స్థానంలో నిలిచింది? పదహారు జట్లలో పదిహేనో స్థానం. బంతి ఆమెదాకా చేరినంతసేపూ గోలే. చేరనప్పుడు, అవతలివాళ్ల బంతి తెంపనప్పుడు, ఆమె మాత్రం ఏం చేస్తుంది?

బోర్డు లేకపోవడం గురించి కూడా ఒక మాట. రింగు ఎత్తు బాస్కెట్‌బాల్‌దే, 3.05 మీటర్లు. వెడల్పు మాత్రం తక్కువ, లోపలి వ్యాసం 38 సెంటీమీటర్లు. వెనక బోర్డు లేదు కాబట్టి బంతి పైకి లేచి నిటారుగా దిగాలి. సముద్రం వైపు గ్రౌండ్లలో మధ్యాహ్నం దాటి గాలి తిరిగిందంటే మా షూటర్లు రింగు పక్కకి గురి పెట్టుకునేవాళ్లు. మా రోజుల్లో పాత లారీ టైరులో సిమెంటు పోసి, మధ్యలో ఇనప పైపు నిలబెట్టి, దాని చివర రింగు వెల్డింగు చేయించేవాళ్లం. ఒకసారి వెల్డింగు కుర్రాడు తనకి తెలిసిన బాస్కెట్‌బాల్ కొలతకే, 45 సెంటీమీటర్లకి, చుట్టి ఇచ్చాడు. పిల్లలు వేసిందల్లా పడేది, ఒకటే సంతోషం. పోటీలకు వెళ్లి అసలు రింగు చూశాక ఏడుపు ఒక్కటే తక్కువ. మీ స్కూల్లో రింగు కొలత అడిగి తెలుసుకోండి.

మన జట్టు సంగతి. నెట్‌బాల్ ఫెడరేషన్ ఆఫ్ ఇండియా 1978 నుంచి ఉంది. 2024లో ఆసియా ఛాంపియన్‌షిప్ బెంగళూరులోనే జరిగింది. ఫైనల్లో సింగపూర్ 67-64తో శ్రీలంకని ఓడించింది. సొంత గడ్డ మీద ఆడినా మనం ఫైనల్లో లేము. 2023 ప్రపంచకప్‌కి ఆసియా నుంచి వెళ్లినవి కూడా ఆ రెండు జట్లే. శ్రీలంక మనకంటే ఎంతో చిన్న దేశం. కేప్‌టౌన్‌లో ఉగాండా ఐదో స్థానంలో, మలావి ఏడో స్థానంలో నిలిచాయి. కాబట్టి డబ్బు లేదన్న సాకు నా దగ్గర చెల్లదు. అక్కడ పిల్లలు స్కూలు దాటాక కూడా ఆడతారు. ఇక్కడ స్పోర్ట్స్ కోటా సర్టిఫికెట్ చేతికి రాగానే బూట్లు అటకెక్కుతాయి. ఇది నా కడుపుమంట, క్షమించండి.

అన్నట్టు, ఇది మనకి దూరపు ఆటేమీ కాదు. ఒక్కో దేశంలో ఒక్కో తీరుగా ఉన్న నియమాలను అన్ని దేశాలకూ ఒకటిగా చేసిన సమావేశం 1960లో జరిగింది అప్పటి సిలోన్‌లోనే. ఆ నియమాలతోనే 1963లో ఇంగ్లండ్‌లోని ఈస్ట్‌బోర్న్‌లో తొలి ప్రపంచ పోటీలు ఆడారు, ఆస్ట్రేలియా గెలిచింది.

గోపాలపట్నం నుంచి ఆక్లాండ్‌కి

మేడమ్ గారూ, నమస్కారం. మీరు చెప్పిన వంతుల లెక్క ఇన్నేళ్లుగా ఇక్కడ ఉంటూ కూడా నాకు తట్టలేదు. మా సహోద్యోగులు “టర్నోవర్లు (అవతలివాళ్ల నుంచి లాక్కున్న బంతులు) చూడు, స్కోరు కాదు” అంటుంటే తలూపి ఊరుకునేవాడిని.

ఇక్కడ చలికాలం శనివారం ఉదయం ఏ నెట్‌బాల్ సెంటర్‌కి వెళ్లినా వరసగా తారు కోర్టులు, అన్నింటి మీదా ఆడపిల్లలు. వాన పడుతున్నా ఆపరు. బంతి జారుతుంటే బిబ్‌కి చేతులు తుడుచుకుని మళ్లీ పరుగు. అమ్మలు గొడుగు పట్టుకుని స్కోరు రాస్తుంటారు. నాన్నలు కాఫీ కప్పుతో నిలబడి అంపైర్ మీద గొణుగుతుంటారు, అది అన్ని దేశాల్లోనూ ఒకటేనేమో.

చూడదగ్గ మ్యాచ్ అడిగారు కాబట్టి నా ఓటు 2019 లివర్‌పూల్ ఫైనల్‌కే. న్యూజిలాండ్ 52, ఆస్ట్రేలియా 51. ఇక్కడ అది తెల్లవారుజామున వచ్చింది, వీధిలో సగం ఇళ్లలో దీపాలు వెలుగుతున్నాయి. అంతకు ముందు ఏడాది గోల్డ్ కోస్ట్ కామన్వెల్త్ క్రీడల్లో న్యూజిలాండ్‌కి పతకమే రాలేదు, ఈ దేశం సంతాప దినం పాటించినంత పని చేసింది. నోలీన్ టౌరువా కోచ్‌గా వచ్చి ఏడాది తిరిగేసరికి కప్పు తెచ్చింది. 2003 తరువాత మళ్లీ అదే. ఆ జట్టు కెప్టెన్ లారా లాంగ్‌మన్ ఆడింది సెంటర్ స్థానంలో. కోర్టంతా తిరగవచ్చు, గోల్ వేసే రెండు అర్ధవృత్తాల్లోకీ మాత్రం వెళ్లకూడదు. అంటే ప్రపంచకప్ ఎత్తిన కెప్టెన్ కూడా గోల్ వేయడానికి వీల్లేని మనిషే. మీ అమ్మాయికి ఇది చెప్పండి.

ఎంవీపీ పీడీ మేడమ్

భలే గుర్తుచేశావు నాయనా. 2023లో కప్పు ఎత్తిన ఆస్ట్రేలియా కెప్టెన్ లిజ్ వాట్సన్ కూడా వింగ్ అటాక్, సెంటర్ ఆడే మనిషే. ఆమెకీ గోల్ హక్కు లేదు.

ఇంకో సంగతి. 2018 గోల్డ్ కోస్ట్ కామన్వెల్త్ ఫైనల్ కూడా 52-51. అక్కడ ఆస్ట్రేలియాని ఓడించింది ఇంగ్లండ్, చివరి సెకన్లో హెలెన్ హౌస్బీ వేసిన గోల్‌తో. వరసగా రెండేళ్లు అదే జట్టు అదే స్కోరుతో ఓడిపోయింది. 1991లో ఆస్ట్రేలియా 53-52, 1999లో 42-41, 2011లో అదనపు సమయంలో 58-57తో న్యూజిలాండ్ మీద గెలిచింది. గంట ఆడి ఒక్క గోల్. ఒక్క బంతి తెంపిన పిల్ల విలువ ఎంతో మీరే లెక్క కట్టుకోండి.

మల్కాపురం మాజీ నేవీ

నేను 2010లో ఢిల్లీలో ఉన్నాను. కామన్వెల్త్ క్రీడలకి హాకీ టికెట్లు దొరకక, దొరికిందే చాలని త్యాగరాజ్ స్టేడియంలో నెట్‌బాల్ ఫైనల్‌కి వెళ్లాను. ఆతిథ్య దేశంగా మన జట్టు కూడా ఆడింది, పెద్ద జట్ల ముందు తేలిపోయింది, అది వేరే కథ.

ఫైనల్ ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ మధ్య. నిర్ణీత సమయం అయిపోయింది, సమం. అదనపు సమయం పెట్టారు, మళ్లీ సమం. ఆ తరువాత ఎవరో ఒకరు రెండు గోల్స్ ముందుకి వెళ్లేదాకా ఆట ఆపేది లేదన్నారు. న్యూజిలాండ్ అమ్మాయి మరియా టుటాయా చివరి గోల్ వేసింది, 66-64. నా పక్కన కూర్చున్న హర్యానా పెద్దాయనకి నియమాలేవీ తెలియవు, అయినా ఆఖరి పది నిమిషాలు నా మోచేయి పట్టుకుని వదలలేదు. బయటికొచ్చాక “ఇంతకీ ఎవరు గెలిచారు?” అని అడిగాడు.

మేడమ్ లెక్క ప్రకారం ఆరోజు ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ రెండూ అవతలివాళ్ల వంతులో వేసిన గోల్స్ దాదాపు సరిసమానం అన్నమాట. అందుకే అన్నిసార్లు సమం అయింది. పదిహేనేళ్ల తరువాత అర్థమైంది.

కంచరపాలెం నాన్న

అందరికీ చాలా చాలా ధన్యవాదాలు. కాగితం పద్ధతి పనిచేసింది. మూడో క్వార్టర్ పెట్టి ఇద్దరం గీతలు గీశాం. సున్నాలు కనబడేసరికి అమ్మాయి రిమోట్ లాక్కుని ఒక్కో సున్నా దగ్గర వెనక్కి తిప్పి ఎవరు చెడగొట్టారో వెతకడం మొదలుపెట్టింది. రాత్రి వాళ్లమ్మ అన్నానికి పిలిస్తే రాలేదు, నాకే తిట్లు పడ్డాయి.

ఒక్క సందేహం మిగిలింది. స్కూల్లో సిమెంటు కోర్టు. పరుగున వచ్చి టక్కున ఆగడం చూస్తే మోకాలు ఏమవుతుందోనని భయం వేస్తోంది. ఏం జాగ్రత్త తీసుకోవాలి?

అక్కయ్యపాలెం కుర్రాడు

సార్, 2019 ఫైనల్ నేనూ చూశాను. సాంతం చూశాను. అంతకు మించి ఏమీ అనను.

ఎంవీపీ పీడీ మేడమ్

భయం సరైనదే. ఈ ఆటలో మోకాలు దెబ్బలు ఎక్కువ. కేప్‌టౌన్‌లో న్యూజిలాండ్ ప్రధాన షూటర్ గ్రేస్ న్వెకే మోకాలికి దెబ్బ తగిలి మధ్యలోనే ఆగిపోయింది, ఆ జట్టు నాలుగో స్థానంతో సరిపెట్టుకుంది. పరుగు మీద గాల్లోకి లేచి, ఒంటికాలి మీద మోకాలు బిగబట్టి దిగడమే ప్రమాదం. రెండు కాళ్ల మీద దిగడం అలవాటు చేయించండి. దిగేటప్పుడు మోకాళ్లు వంగాలి, లోపలికి ఒరగకూడదు, పాదం చూసే దిక్కుకే మోకాలు చూడాలి. ఇంట్లో మెట్ల మీద చివరి మెట్టు నుంచి దూకించి, ఎదురుగా మీరు నిలబడి చూడండి. దిగినప్పుడు చప్పుడు ఎంత తక్కువగా వస్తే అంత మంచిది. బంతి ఇవ్వకుండా ముందు ఇదే చేయించమని వాళ్ల పీఈటీ గారిని కూడా అడగండి. అడుగున అరిగిపోయిన బూట్లతో సిమెంటు మీదికి పంపకండి.

చివరిగా, పోటీల రోజు పొద్దున్నే గోళ్లు కత్తిరించండి. ఆటకి ముందు అంపైర్ వరసగా నిలబెట్టి చేతులు చూస్తుంది, గోళ్లు పొడుగ్గా ఉంటే కోర్టులోకి రానివ్వదు. చెవి పోగులు, గాజులు, గొలుసు అన్నీ ఇంట్లోనే తీసి పెట్టండి. గ్రౌండులో తీసి సంచిలో వేస్తే మళ్లీ దొరకవు, అది మాత్రం ఎన్నో ఇళ్లలో గొడవలు చూసి చెబుతున్నాను.